పేరు చెప్పని చేతులు

"ఈమె మన నిఖితేనా కాదా... నువ్వే చూసి చెప్పమ్మా" అంటూ ఆనంద్ బాబు ఫోను తెచ్చి ముఖం ముందు పెట్టేసరికి లీలావతి చేతిలోని ఇడ్లీపాత్ర మూత జారి గచ్చు మీద పడింది. ఆ చప్పుడుకి ఉయ్యాలలో పడుకున్న మనవరాలు ఉలిక్కిపడి ఏడుపు అందుకుంది. కోడలు అనూష పరుగున వెళ్ళి బిడ్డనెత్తుకుంది. వరండాలో పేపరు చదువుతున్న కోటేశ్వర్ "ఏందిరా పొద్దున్నే" అని లేచి వచ్చాడు.

అరచెయ్యంత తెర మీద, మాటలు తీసేసిన వీడియోలో ఒక అమ్మాయి మోకాళ్ళ మీద కూర్చుని ఉంది. ఒంటికి అంటుకుపోయిన పల్చని తెల్లబట్టలు. ముగ్గుపిండిని నీళ్ళలో కలిపి ఆ ముద్దని చేతులకీ, మెడకీ, ముఖానికీ మెల్లగా పూసుకుంటోంది. ఆమె వెనక గోడంత తెర మీద ఎవరివో రెండు చేతులు... పగిలి, మొద్దుబారి, వేళ్ళ కొసల మీద గీతన్నదే మిగలని చేతులు! వీడియో కింద ఎవడో పుణ్యాత్ముడు 'పిడుగురాళ్ల పిల్ల, హైదరాబాదులో బట్టల్లేకుండా' అని రాసి ఊళ్ళో ఉన్న గ్రూపులన్నింటికీ పంపాడు.

ఆనంద్ బాబుకి తల కొట్టేసినట్టయింది. తండ్రి రెండు టిప్పర్లనీ తనే చూసుకుంటూ, ఈసారి మున్సిపాలిటీ ఎన్నికల్లో వార్డు కౌన్సిలరుగా నిలబడాలని నాయకుల చుట్టూ తిరుగుతున్నవాడాయె. పొద్దుటినుంచీ ముగ్గురు ఫోన్ చేసి "మీ చెల్లెలంట గదా" అని అడిగారట. ఆ అడగడంలో ఉన్న వెటకారం తలుచుకుంటే ఒళ్ళు మండిపోతోందన్నాడు.

నిఖిత తలస్నానం చేసి జుట్టుకి తువ్వాలు చుట్టుకుని అప్పుడే ఇవతలికి వచ్చింది. రెండు రోజులు ఉండి పోదామని హైదరాబాదు నుంచి వచ్చిన పిల్ల. ఇరవై ఏడేళ్ళు. బొమ్మల కాలేజీలో చదివి, బొమ్మలు గీయడం మానేసి, ఇదిగో ఈ పని పట్టుకుంది. నాటకం కాదు, డాన్సు కాదు. తన ఒంటినే పలకలా చేసుకుని, కెమెరాలూ కంప్యూటర్లూ పెట్టుకుని, జనం ముందు ఏదో చెయ్యడం. 'మెషిన్లు మనిషిని ఎట్టా గుర్తుపడతాయి, ఎక్కడ గుర్తుపట్టలేకపోతాయి, అది చూపిస్తానమ్మా' అని తల్లికి ఒకసారి విడమరిచి చెప్పింది. లీలావతికి సగమే అర్థమైంది. కానీ ఆ సగం చాలా లోతుగా అర్థమైంది.

ఫోను చూసి నిఖిత తొణకలేదు. అది తనేనని, ఒంటి మీద బట్టలున్నాయని, కళ్ళు పెట్టి చూస్తే కనబడతాయని చెప్పింది. ఆనంద్ బాబు చెయ్యెత్తబోయాడు. అనూష బిడ్డతో సహా మధ్యలోకి వచ్చేసరికి ఆగిపోయాడు.

కోటేశ్వర్ ఫోను అందుకుని కళ్ళకి దగ్గరగా పెట్టుకుని చూశాడు. చాలాసేపు చూశాడు. తర్వాత, కూతురి ముఖం వైపు చూడకుండా అడిగాడు.

"వెనక ఆ చేతులెవరియి?"

వంటింటి గుమ్మంలో నిలబడ్డ లీలావతి గోడ పట్టుకుంది. నిఖిత తల్లి వైపు చూడలేదు. చూస్తే ఎక్కడ బయటపడుతుందోనని కాబోలు... తండ్రి పాదాల వైపే చూస్తూ చెప్పింది.

"ఒక తల్లియి నాన్నా. పేరు చెప్పనని మాటిచ్చాను."

"ఎవతో దిక్కుమాలినదాని చేతులు చూపించడానికి మన పరువు తీస్తావా నువ్వు" అని అరిచాడు ఆనంద్ బాబు. "వీడియో తీసేయ్. ఈ పని మానేస్తానని నాన్న ముందు ఒట్టేయ్. లేదంటే ఈ గడప తొక్కబాక."

నిఖిత లోపలికి వెళ్ళి బట్టలు సర్దుకుంది. కెమెరా సంచి భుజానికి తగిలించుకుంది. తడి జుట్టు అలాగే ముడేసుకుని, గుమ్మం దాకా వచ్చి ఒక్క క్షణం ఆగింది. 'ఆగమ్మా...' అన్న మాట లీలావతి గొంతు దాకా వచ్చింది. అక్కడే ఆగిపోయింది. పిల్ల చెప్పులేసుకుని బస్టాండు వైపు నడిచి వెళ్ళిపోయింది. తల్లి ఆ గుమ్మాన్ని పట్టుకుని అలాగే నిలబడిపోయింది.

ఆ చేతులు లీలావతివి.

నిఖితకి ఐదేళ్ళప్పుడు కోటేశ్వర్ తోలుతున్న లారీ మాచర్ల దారిలో బోల్తా పడింది. నడుము దగ్గర ఎముక విరిగి రెండేళ్ళు మంచానికి అంటుకుపోయాడు. లేచాక కూడా బండెక్కడానికి చాలా కాలం పట్టింది. ఆ ఇంటిని నిలబెట్టింది సున్నపు బట్టీ. కాలిన రాయిని గంపలకెత్తడం, చేత్తో ఏరడం, సంచులకి నింపడం... చెమట తగిలితే చాలు, సున్నం ఒంటి మీదే ఉడుకుతుంది. సాయంత్రం ఇంటికొచ్చి ఆముదం రాసుకుంటే అరచేతులు భగ్గున మండేవి. ఒకటీ రెండూ కాదు, పదకొండేళ్ళు! గరుకు చేత్తో నిమిరితే పిల్లకి గీసుకుంటుందని, లీలావతి నిఖిత బుగ్గని చేతి వెనకవైపుతో నిమిరేది. పిల్లలు పెద్దయ్యారు. కోటేశ్వర్ ఎలాగో నిలదొక్కుకుని సొంత బండి కొన్నాడు. బట్టీల వైపు ఉన్న రేకుల ఇల్లు వదిలేసి ఊరికి ఇవతలి కాలనీకి మారారు.

నాలుగేళ్ళ కిందట ఆనంద్ బాబుకి క్రోసూరు సంబంధం కుదిరింది. పొలాలూ, పలుకుబడీ ఉన్న కుటుంబం. నిశ్చితార్థానికి ముందురోజు కోటేశ్వర్ భార్యని పక్కకి పిలిచి, బట్టీలో పనిచేసిన మాట వాళ్ళ ముందు ఎప్పుడూ ఎత్తొద్దన్నాడు. చేతుల సంగతి ఎవరైనా అడిగితే చర్మం జబ్బని చెప్పమన్నాడు. లీలావతి ఎందుకని అడగలేదు. సరేనంది. పదకొండేళ్ళ బతుకుని ఒక్క 'సరే'తో తుడిచేసింది!

కానీ మెషిను ముందు దాచడం ఎలా? రేషన్ దుకాణంలో బొటనవేలు పెట్టినప్పుడల్లా అది కూస్తుంది. చీర కొంగుతో తుడిచి మళ్ళీ పెట్టమంటారు. చూపుడువేలు పెట్టమంటారు. వెనక లైనులో వాళ్ళు విసుక్కుంటారు. చివరికి కళ్ళు చూపించమంటారు. పోయినేడు సెలవుకి వచ్చిన నిఖిత తోడుగా వెళ్ళి ఇదంతా చూసింది. తల్లి ఏదో దొంగతనం చేసినట్టు అందరినీ "ఏమనుకోబాకండి" అని బతిమాలుకోవడం చూసింది. ఇంటికొచ్చి ఆ పిల్ల అన్నం ముట్టలేదు. మర్నాడు మగవాళ్ళు బయటికెళ్ళాక, కోడలు పుట్టింట్లో ఉన్న రోజు, దొడ్లో తెల్ల దుప్పటి కట్టి తల్లిని కూర్చోబెట్టి ఆ చేతుల్ని కెమెరాలోకి తీసుకుంది. తీస్తున్నంతసేపూ లీలావతి మాట్లాడుతూనే ఉంది. ఎవరూ అడగని సంగతులన్నీ... గంప బరువు, కళ్ళల్లో పడే దుమ్ము, బాలింతగా పనికొచ్చి రాళ్ళ మధ్యే పసిగుడ్డుని పడుకోబెట్టిన తోటి కూలి జెబా, అన్నీ చెప్పింది. చివర్లో మాత్రం కూతురి గడ్డం పట్టుకుని, ముఖం చూపించొద్దని, పేరు చెప్పొద్దని మాట తీసుకుంది.

పిల్ల ఆ మాట నిలబెట్టుకుంది. ఇల్లు వదిలి వెళ్ళిపోయింది గానీ తల్లి పేరు చెప్పలేదు. మరి తల్లి...? తల్లి గుమ్మంలో నిలబడి చూసింది!

ఆ తర్వాత రోజులు లీలావతి ఎలా గడిపిందో ఆమెకే తెలియాలి. ఫోన్ చేస్తే నిఖిత ఎత్తేది. మామూలుగానే మాట్లాడేది. తిన్నావా, నిద్రపోతున్నావా, మోకాళ్ళ నొప్పులకి మాత్ర వేసుకుంటున్నావా అని అడిగేది. ఒక్క నిష్ఠూరం లేదు. తిట్టినా బాగుండేదనిపించేది లీలావతికి. ఫోను పెట్టేసి బియ్యం కడుగుతూ కన్నీళ్ళు పెట్టుకునేది. కొడుకు అన్నం దగ్గర చెల్లెల్ని తిడుతుంటే వడ్డించేది. ఒకరోజు పప్పులో ఉప్పు రెండుసార్లు వేసింది. కోటేశ్వర్ మారుమాట్లాడకుండా తినేసి లేచాడు. ఆయనా ఆ మధ్య మనిషి మనిషిలా లేడు. పేపరు తిరగేసి పట్టుకుని కూర్చుంటున్నాడు.

పదో రోజో, పదకొండో రోజో... మధ్యాహ్నం వేళ లీలావతి మనవరాల్ని ఒళ్ళో పడుకోబెట్టుకుని జోకొడుతోంది. అనూష బట్టలు మడతపెడుతూ చటుక్కున ఆగి అత్తగారి చేతుల వంక చూసింది.

"అత్తయ్యా, వీడియోలో ఆ చేతులు మీయే గదా?"

లీలావతి చెయ్యి గబుక్కున కొంగులోకి లాక్కుంది. కాదనబోయింది.

అనూష దగ్గరికి జరిగి కూర్చుంది. ఆ వీడియోని తను అప్పటికి ఎన్నోసార్లు చూశానని చెప్పింది. అందులో ఒకచోట ఆ చేయి దుప్పటి అంచుని వెనకవైపుతో నిమురుతుందట. పాపాయిని అలా నిమిరే మనిషిని తను ఈ ఇంట్లో తప్ప ఎక్కడా చూడలేదంది.

"పెళ్ళయిన రెండో నెలలోనే నాకు బట్టీ సంగతి తెలుసు అత్తయ్యా. జెబా పిన్ని బజార్లో కనబడి మీ గురించి అడిగింది, బట్టీలో కాలిన లీలక్క చేతులు తగ్గినయ్యా అని. ఇంటికొచ్చి మిమ్మల్ని అడుగుదామనుకున్నా. ఇంటిల్లిపాదీ కలిసి దాస్తున్నారు గదా, నేను తెలుసంటే మీరెక్కడ చిన్నబుచ్చుకుంటారోనని ఊరుకున్నా" అంది.

లీలావతి ఎవరికి తెలియకూడదని నాలుగేళ్ళు తన చేతుల్ని తానే అసహ్యించుకుని కొంగుల్లో, టవళ్ళల్లో దాచుకుందో, ఆ పిల్లకి మొదటినుంచీ తెలుసు! తెలిసీ ఆ చేతి వంట తింది, ఆ చేతికే తన బిడ్డనిచ్చింది. అప్పుడు వచ్చింది లీలావతికి ఏడుపు... ఇన్నాళ్ళూ చాటుగా, చప్పుడు లేకుండా ఏడ్చిన ఏడుపు కాదు. కోడలి భుజం మీద తలపెట్టి, ఒళ్ళో బిడ్డ నిద్రలేస్తుందన్న ధ్యాస కూడా లేకుండా ఏడ్చింది. తప్పు చేశాను తల్లీ, నా బిడ్డని నేనే వెళ్ళగొట్టుకున్నాను అని పదేపదే అంది.

అనూష కళ్ళు తుడిచి, ఫోనులో ఒక ప్రకటన కాగితం బొమ్మ చూపించింది. వచ్చే శనివారం నరసరావుపేటలో, పాత పత్తి మిల్లు గోడౌనులో నిఖిత ప్రదర్శన. మధ్యాహ్నం మూడింటికి.

"పోదాం అత్తయ్యా. మీ అబ్బాయికి నేను చెప్పుకుంటా" అంది.

గంట ప్రయాణం. అనూష బిడ్డని చంకనేసుకుంది. గోడౌనులో ఎనభై మందో, వందమందో ఉన్నారు. కాలేజీ పిల్లలు, నలుగురైదుగురు మేష్టర్లు, చూసిపోదామని వచ్చిన చుట్టుపక్కల కొట్లవాళ్ళు. కొందరు నవ్వుకుంటున్నారు, కొందరు ముందే ఫోన్లు ఎత్తి పట్టుకున్నారు. అత్తాకోడళ్ళు వెనక వరుసలో, ఇనుప స్తంభం పక్కన కూర్చున్నారు.

నిఖిత వచ్చి చాప మీద మోకాళ్ళు మడిచి కూర్చుంది. పక్క తెర మీద ఆమె ముఖం పెద్దగా కనబడుతోంది. కంప్యూటరు ఆ ముఖం చుట్టూ పచ్చటి గడి గీసి, మనిషిని గుర్తుపట్టినట్టు చూపిస్తోంది. ఇంకో తెర మీద లీలావతి చేతులు. పిల్ల ముగ్గుపిండి ముద్ద పూసుకోవడం మొదలుపెట్టింది. ఒక పొర, రెండు పొరలు, మూడు... స్పీకర్లలోంచి ఒక గొంతు సన్నగా వినిపిస్తోంది. గంప బరువు గురించి, కళ్ళల్లో పడే దుమ్ము గురించి చెప్తోంది. లీలావతికి తన గొంతుని గుర్తుపట్టడానికి కాసేపు పట్టింది. ఇంతమంది కూర్చుని, కదలకుండా, ఆ మాటలు వింటున్నారు! నవ్విన కుర్రాళ్ళు కూడా ఫోన్లు దించేశారు. పూత మందమయ్యే కొద్దీ ఆ పచ్చటి గడి వణికింది, ఆరింది, మళ్ళీ వెలిగింది... చివరికి పూర్తిగా పోయింది. 'మనిషి కనబడటం లేదు' అని తెర మీద అక్షరాలు పడ్డాయి. వందమంది ఎదుట బతికున్న పిల్ల ఊపిరి తీస్తూ కూర్చునే ఉంది.

తర్వాత నిఖిత చిన్న వేలిముద్రల మెషినుని ముందుకి జరిపింది. ఒక్కొక్కరే వచ్చి బొటనవేలు పెట్టారు. పెట్టిన ప్రతి ముద్రా తెర మీద గుండ్రటి గీతలుగా, నిలువెత్తున విచ్చుకుంది. పిల్లలు సంబరపడ్డారు. వరుస అయిపోవచ్చింది.

లీలావతి లేచింది. ఎప్పుడు లేచిందో, ఎలా నడిచిందో ఆమెకి తెలియదు. నిఖిత తలెత్తి చూసింది. తెల్లటి పూతలో ఆ రెండు కళ్ళు మాత్రమే కదిలాయి. వద్దన్నట్టు తల ఊపింది. లీలావతి వంగి బొటనవేలు పెట్టింది. తెర మీద ఏమీ రాలేదు. మళ్ళీ పెట్టింది. ఏమీ రాలేదు.

రేషన్ దుకాణంలో అయితే ఈపాటికి అందరికీ క్షమాపణలు చెప్పుకునేది. ఈసారి చెప్పలేదు. జనం వైపు తిరిగి రెండు అరచేతులూ ఎత్తి చూపించింది.

"నా పేరు లీలావతి. ఆ తెర మీద చేతులు నాయి. ఆ గొంతూ నాదే. పదకొండేళ్ళు సున్నం బట్టీలో రాయి ఏరాను. ఈ పిల్ల నా కూతురు. నా పేరు చెప్పనని నాకు మాటిచ్చి, ఇంటిల్లిపాదితో మాటలు పడింది. నేను ఎదురుగా ఉండి కూడా నోరు తెరవలేదు. తప్పు నాది..."

ఇంకా ఏదో చెప్పబోయింది. నిఖిత లేచి వచ్చి తల్లిని కరుచుకుంది. ఆ తెల్లటి ముద్ద లీలావతి చీరంతా అంటుకుంది. పిల్ల భుజాలు ఎగిరెగిరి పడుతుంటే, పూత మీద కన్నీళ్ళు చారలు కడుతుంటే, లీలావతికి మాత్రం బట్టీలో సున్నం కళ్ళల్లో పడుతుందన్న వెనకటి భయమే గుర్తొచ్చింది.

"కళ్ళల్లోకి పోద్దే... ముందు పోయి కడుక్కో తల్లీ" అంది.

జనంలో ఎవరో మొదలుపెట్టిన చప్పట్లు గోడౌనంతా పాకాయి. ఆమె అవేమీ వినలేదు. కూతురి చెయ్యి పట్టుకుని నీళ్ళ డ్రమ్ము దగ్గరికి తీసుకుపోయి, చెంబుతో నీళ్ళు పోస్తూ ముఖం కడిగింది.

ఇంటికొచ్చేసరికి ఆ సంగతి ముందే చేరిపోయింది. ఎవరో ఫోనులో తీసినది ఊరి గ్రూపుల్లో తిరుగుతోంది. ఆనంద్ బాబు కూర్చున్నవాడు కూర్చున్నట్టే ఉన్నాడు. మొహం ఎర్రగా ఉంది. తల్లిని ఏమీ అనలేక, "నువ్వూ వెళ్ళావా" అని పెళ్ళాం మీద విసుక్కున్నాడు. "వెళ్ళాను. బట్టీ సంగతి నాకు నాలుగేళ్ళుగా తెలుసు" అంది అనూష. ఆనంద్ బాబు బండి తాళాలు తీసుకుని బయటికి పోయాడు.

కోటేశ్వర్ వరండాలో స్తంభానికి ఆనుకుని ఉన్నాడు. లీలావతి ఎదురుగా వెళ్ళి నిలబడింది. ముప్పయ్యేళ్ళ కాపురంలో మొగుడి ముందు అలా నిలబడటం అదే మొదలు. నీకిచ్చిన మాట తప్పానయ్యా, ఏమన్నా పడతాను, కానీ ఇంక ఈ చేతులు దాచను అని చెప్పింది.

ఆయన మెట్టు మీద చతికిలబడ్డాడు.

"ఆ రోజు ఫోనులో చూడగానే గుర్తుపట్టాను లీలా. ఆ చేతుల్ని నేను గుర్తుపట్టనా? నువ్వెక్కడ నోరు తెరుస్తావోనని గుండె దడదడలాడింది. తెరవలేదు. నా కూతురు గడప దాటిపోతుంటే... ఇంకేం బయటపడలేదులే అని ఊపిరి పీల్చుకున్నాను. ఆ ఊపిరి నన్ను ఇన్ని రోజులుగా నమిలేస్తోంది."

ఆయన అక్కడితో ఆగలేదు. మంచంలో పడున్న రోజుల్లో ఆమె పనినుంచి వచ్చి, చేతులు మండుతున్నా గరిటె పట్టుకుని తనకి అన్నం పెట్టడం గుర్తుచేసుకున్నాడు. ఆ ముద్ద మింగలేకపోయేవాడట. ఆడదాని కష్టం మీద బతికాడని లోకం అనుకుంటుందన్న సిగ్గుతోనే బట్టీ మాట ఎత్తొద్దన్నానని, కోడలి పుట్టింటివాళ్ళ పేరు ఊరికే అడ్డం పెట్టానని ఒప్పుకున్నాడు. చెప్తూ చెప్తూ కండువాతో ముఖం కప్పుకున్నాడు. లీలావతి ఆయన్ని ఓదార్చలేదు. కోపగించుకోనూ లేదు. పక్కన, మెట్టు మీద కూర్చుంది. లారీలు పోతున్న రోడ్డు వైపు చూస్తూ ఇద్దరూ అలాగే ఉండిపోయారు.

మరుసటి వారం నిఖిత ఇంటికి వచ్చింది. కోటేశ్వరే ఫోన్ చేసి పిలిచాడు. ఏం మాట్లాడాడో తండ్రీకూతుళ్ళు ఎవరికీ చెప్పలేదు. ఆనంద్ బాబు మాత్రం అంత తేలిగ్గా మెత్తబడలేదు. చెల్లెలు ముందుగదిలో ఉంటే తను వెనకగదిలోకి పోయేవాడు. కౌన్సిలరు సీటు ఇంకెవరికో ఇస్తారని వినబడుతోంది, దానికి కారణం ఇదేనా కాదా అన్నది ఎవరికీ తెలియదు. అయితే ఒకరోజు ఎవడో ఫోనులో నిఖిత గురించి పిచ్చిమాట అంటే, "మా అమ్మ చేతులు చూపించిన పిల్లరా అది, నోరు అదుపులో పెట్టుకో" అని కసురుకోవడం దొడ్లో బట్టలారేస్తున్న లీలావతి చెవిన పడింది. ఆమె క్లిప్పు పెట్టడం మర్చిపోయి కాసేపు అక్కడే నిలబడింది.

ఆదివారం మిట్టమధ్యాహ్నం కోటేశ్వర్ బయటినుంచి వచ్చాడు. అప్పటికే అనూష ఒక కబురు లీలావతికి చెప్పి ఉంది. బైపాసు దగ్గర ఇలియాస్ టీ కొట్టులో డ్రైవర్లంతా ఉండగా ఆ వీడియో మాట వచ్చిందట. ఎవరో ముసిముసిగా నవ్వారట. కోటేశ్వర్ గ్లాసు కింద పెట్టి లేచాడట. "నేను మంచాన పడితే పదకొండేళ్ళు బట్టీలో రాయి ఏరి మా ఆవిడ నన్ను నిలబెట్టింది. నేను తింటున్న ముద్ద ఆమెది. నవ్వేవాడెవడో నా ముందుకొచ్చి నవ్వండి" అన్నాడట. ఇలియాసే ఇంటికి ఫోన్ చేసి చెప్పాడు.

లీలావతి ఆ సంగతి ఎత్తలేదు. ఆయనా చెప్పలేదు. కాళ్ళు కడుక్కుని వచ్చి పీట వాల్చుకున్నాడు. ఆమె కంచం పెట్టి, గోంగూర పప్పూ అన్నమూ వడ్డించి, ఎప్పటిలా పక్కన నిలబడబోయింది. ఆయన ముద్ద కలపకుండా చెయ్యి చాచి ఇంకో పీట వాల్చాడు.

"నువ్వూ కూర్చో. కలిసి తిందాం" అన్నాడు.

లీలావతి తనకీ ఒక కంచం తెచ్చుకుని ఆయన ఎదురుగా కూర్చుంది.